ఎదురుకాళ్ళ వైద్యం

ద్రాక్షతోటలు తీసేసి ప్లాట్ల రాళ్ళు పాతుతున్న ఆ రోజుల్లో, ఎల్బీనగర్ వైపు ఇల్లు కట్టినవాడికీ అందులో అద్దెకు దిగినవాడికీ ఒకటే జబ్బు, నడుము నొప్పి. నీళ్ళు మోసి కొందరికి, గోతుల దారిలో స్కూటరు నడిపి కొందరికి, దిల్‌సుఖ్‌నగర్ దాకా నడిచి బస్సులో వేలాడి మిగిలినవాళ్ళకి. వీటన్నిటికీ మందు నా కాలేనని కాలనీ అంతా చాటింది మా అమ్మ. నేను ఎదురుకాళ్ళతో పుట్టాను మరి. (తల రావలసిన చోట పాదాలు ముందొచ్చాయి. బాధ పడింది అమ్మ, పేరొచ్చింది నాకు.) అలా పుట్టినవాళ్ళు నడుము మీద తంతే పట్టు వదులుతుందని కోస్తా నుంచి వచ్చిన మావాళ్ళూ నమ్మేవారు, అక్కడి ఊరివాళ్ళూ నమ్మేవారు. నీళ్ళ దగ్గర కుదరని ఏకాభిప్రాయం నా కాలి దగ్గర కుదిరింది.

అప్పుడు నేను ఫిజియోథెరపీ చదువుతున్నాను. భుజం కీలు గిన్నెలో బంతిలా తిరుగుతుందనీ, మోకీలు తలుపులా ఒకవైపే వంగుతుందనీ, వెన్నుపూసల మధ్య డిస్కు మెత్తటి దిండులా పనిచేస్తుందనీ బట్టీ పట్టి, తెల్లారేసరికి మా వరండాలో బోర్లా పడుకున్న పెద్దమనుషుల్ని తన్నేదాన్ని. కండరం పట్టేస్తే కొన్నాళ్ళకి దానంతటదే వదులుతుందని చెప్పబోతే, "ఆ చదువేదో కాలేజీలో ఒలకబొయ్యి, ముందు తన్ను" అనేది అమ్మ. పెద్దల్ని తన్నిన పాపం అంటకుండా ప్రతివారి కాళ్ళకీ వంగి దండం పెట్టాలి. వాళ్ళ నడుముల సంగతేమోగానీ, వంగి వంగి నాది పట్టేసేది. మెడ తిరగనివాళ్ళూ వచ్చారు. (మెడ మీద తన్నడానికి మాత్రం ఒప్పుకోలేదు.)

ఒకరోజు మా ఓనరమ్మ వచ్చింది. పొలమంతా ప్లాట్లయినా, భర్త పోయినా, బర్రెల్ని వదలని మనిషి. పాల క్యాను ఎత్తుతుంటే నడుములో కలుక్కుమందట. నడిచొస్తుంటే ఒక కాలి చెప్పు దారిలో ఊడిపోయింది. ఆవిడకది తెలియనే లేదు, ఒంటి చెప్పుతోనే వచ్చేసింది. డిస్కు ఉబ్బి నరాన్ని నొక్కితే పాదం అలా మొద్దుబారుతుంది. ఆలస్యమైతే కాలు చచ్చుబడిపోవచ్చు.

"నేను తన్నను పెద్దమ్మా, ఆసుపత్రికి వెళ్దాం."

"ఊరందరినీ తన్నినవ్, నన్ను తన్ననీకి ఏమొచ్చింది? కిరాయి పెంచిన్నని మనసుల పెట్టుకున్నవా?" అని ఆవిడ కళ్ళొత్తుకుంది. తన్నలేదని ఏడ్చిన మనిషిని నేను మళ్ళీ చూడలేదు.

"తన్నవే తల్లీ, ఇల్లు ఖాళీ చెయ్యమంటే ఎక్కడికి పోతాం?" అని అమ్మ నా చెవిలో గొణిగింది.

"దవాఖానల నడుము కోస్తరు బిడ్డా. నేను మంచాన పడితే నా బర్రెలకు దిక్కెవరు?"

వాదించే ఓపిక లేక నోటికొచ్చిన అబద్ధం ఆడేశాను. "మా పెద్ద డాక్టరుగారు కూడా ఎదురుకాళ్ళతోనే పుట్టారు. ఆయన తంతే ఇక తిరుగుండదు."

"గట్లనా? ముందుగాల్నే చెప్పొద్దా!" అని ఆటో ఎక్కింది.

ఆసుపత్రిలో బల్ల మీద బోర్లా పడుకుని, "తన్నుండ్రి సారూ, జర గట్టిగ" అంది. డాక్టరుగారు నా వైపు చూశారు. నేను ఫ్యాను వైపు చూశాను. ఆయన ఆవిడను వెల్లకిలా తిప్పించి, అరికాలికి తన అరచెయ్యి ఆనించి, "నువ్వే నన్ను తన్నమ్మా, బలమంతా పెట్టి" అన్నారు.

"అయ్యో, సారును తన్నుడేంది!" అని ఓనరమ్మ ముందు రెండు చేతులూ జోడించింది. తరవాత కళ్ళు మూసుకుని పళ్ళు బిగించింది. పాదం కదల్లేదు. కళ్ళు తెరిచి దాన్నే చూస్తూ ఉండిపోయింది.

"తన్నిన్ననే అనుకున్న సారూ," అంది మెల్లగా.

ఎవరికీ నవ్వు రాలేదు. ఆపరేషన్‌కి ఆవిడే ఒప్పుకుంది.

ఆవిడ ఇంటికొచ్చాక బర్రెల పని అమ్మ మీదా, పాదం పని నా మీదా పడ్డాయి. రోజూ కాలేజీ నుంచి వచ్చి, అరికాలికి చెయ్యి ఆనించి "తన్ను పెద్దమ్మా" అనేదాన్ని. వారాలు గడిచినా నా చేతికి ఏమీ తెలిసేది కాదు. ఆవిడ మొహంలోకి చూడలేక గోడకేసి చూసేదాన్ని. ఒక సాయంత్రం బస్సు దొరక్క నడిచొచ్చి, గొంతుక్కూర్చుని, చెయ్యి ఆనించి కునుకు తీస్తున్నాను. ఒక్క తోపుకి వెల్లకిలా పడ్డాను.

"బిడ్డా, తాకిందా?" అని ఓనరమ్మ కంగారుగా అరిచింది.

"తాకింది పెద్దమ్మా, తాకింది!" అంటూ నేను లేవకుండా అక్కడే పడుకుని ఏడ్చాను. ఎందుకేడుస్తున్నానో తెలియక ఆవిడా ఏడ్చింది.

ఇప్పుడు దిల్‌సుఖ్‌నగర్‌లో నాకో క్లినిక్కుంది. పొద్దుణ్ణించీ వచ్చేవాళ్ళ పాదాలకు చెయ్యి ఒగ్గి "తన్నండి, ఇంకాస్త గట్టిగా" అని బతిమాలుతుంటాను. చేతి బొటనవేలి కీలు అరిగిపోయింది, ఇంటికొచ్చేసరికి అన్నం కలుపుకునే ఓపిక ఉండదు. చదువు పూర్తయితే ఈ తన్నుల గొడవ వదిలిపోతుందని ఎంత గట్టిగా నమ్మిందో మా వరండాలో తన్నిన ఆ పిచ్చిపిల్ల!