రాణికి వన్స్‌మోర్

బళవంత్ పరాడ్కర్ కళామతల్లికి సేవ చేశాడని సాంగ్లీలో ఇప్పటికీ ఎవరైనా అంటే నాకు ఒళ్లు మండుతుంది. సేవా లేదు, గీవా లేదు. అతనికి ఇంకో పని రాదు, అంతే. మీసాలు రాకముందే నాటక కంపెనీలో చేరాడు. వచ్చాక రోజూ గీయించుకుంటూ, ముప్పై దాటేదాకా రాణి వేషాలే కట్టాడు. మొగుడు అడవిలో వదిలేసిపోయిన రాణి పదం అతను పాడితే జనం వన్స్‌మోర్ అంటూ బెంచీలు గుద్దేవారు. వన్స్‌మోర్ పడిందంటే మా నాటకాల్లో కథ ఆగాల్సిందే. రాణి కన్నీళ్లు తుడుచుకుని, మొదట నిలబడ్డ చోటికి వెనక్కి నడిచివెళ్లి, మళ్లీ మొదటినుంచీ ఏడవాలి.

ఒక వానాకాలం జ్వరం వచ్చింది. జ్వరం తగ్గింది కానీ గొంతు తిరిగి రాలేదు. మాట్లాడితే తడిసి ఉబ్బిన తలుపును ఈడ్చినట్టుండేది. కంపెనీ యజమాని సబ్నీస్ సభ పెట్టి శాలువా కప్పాడు. మర్నాడే చీరలూ నగలూ వెనక్కి తీసుకున్నాడు.

ఫొటోలు తీసే గోవిందరావు టిపణీస్ ఆ రోజుల్లోనే సినిమా మొదలుపెట్టాడు. బొమ్మకు ఇంకా మాట రాని కాలం. వేషానికి ఆడవాళ్లు దొరకరు. గౌరవస్థుల ఇళ్లవాళ్లు రారు, వచ్చేవాళ్లను గౌరవస్థులు రానివ్వరు.

బళవంత్ పరుగున ఇంటికొచ్చాడు.

"గొంతుతో పనే లేదట, గోదూ! నోరు మెదపకుండా చేస్తే చాలట!"

"అయితే ఆ వేషం నాకే ఇవ్వమనండి. ఈ ఇంట్లో ఇన్నేళ్లుగా నేను చేస్తున్నది అదేగా" అంది భార్య గోదావరి. అంటూనే పెట్టె తెరిచి తన పెళ్లిచీర తీసింది. "చిరిగిందో, ఈసారి మిమ్మల్ని నిజం అడవికే పంపిస్తా."

కృష్ణ ఒడ్డున తుమ్మచెట్ల మధ్య కెమెరా నిలబెడుతూ టిపణీస్ ముందే చెప్పేశాడు. "చూడు బళవంత్ బువా, జనం నిన్ను రాణిగా ఒప్పుకుంటే తర్వాతి బొమ్మలోనూ నువ్వే. లేదంటే బెళగాం నుంచి ఒకావిడ వస్తానంటోంది. ఆవిడకు గడ్డం గీయించే పని కూడా ఉండదు."

కెమెరా పిడి తిప్పుతూ "ఇక ఏడు" అన్నాడు.

బళవంత్ ఏడవలేదు. పాడాడు, శబ్దం రాకుండా. రాగం సాగినంతసేపూ నోరు తెరిచే ఉంచాడు. పదం అయ్యాక తల పక్కకు వాల్చి ఆగాడు. ఆ తర్వాత కన్నీళ్లు తుడుచుకుని, వెనక్కి నడిచి, చెట్టు కింద మొదటి చోటే నిలబడ్డాడు.

"వన్స్‌మోర్ ఎవడడిగాడయ్యా నిన్ను?" అరిచాడు టిపణీస్.

ఎండను అద్దాలతో పట్టి నిలబడ్డ కూలీలు నవ్వితే, రాణి ముఖం మీది వెలుగు కూడా ఊగింది.

"అలవాటు, గోవిందరావ్. ఇంకెప్పుడూ చెయ్యను."

మళ్లీ చేశాడు. మనసు వద్దంటున్నా కాళ్లే వెనక్కి నడిచాయి. చివరికి ఫిల్మ్ అయిపోయింది. బళవంత్ పెళ్లిచీరతోనే టిపణీస్ కాళ్ల మీద పడ్డాడు.

"తీసెయ్యకు నన్ను. ఇంకే వేషమూ రాదు నాకు."

"లే, చీర మట్టి కొట్టుకుపోతోంది. వెనక్కి నడిచిన ముక్క కత్తిరిస్తాలే. నోరెలాగూ తెరిచి పెట్టావు, ఆటప్పుడు తెర కింద కూర్చుని ఎవడో ఒకడు పాడతాడు."

ఆ ఒకడు నానా పేట్కర్. నాటకాల్లో బళవంత్‌కు హార్మోనియం వాయించినవాడు. బొమ్మ ఆడే గుడారంలో, ఆట మొదలవకముందు, తల వంచుకుని బళవంత్ దగ్గరికొచ్చాడు.

"పిలిచారు, బళవంతా. కాదనలేకపోయాను."

"పాడు. రెండో చరణంలో మాత్రం మధ్యలో ఊపిరి తీసుకోకు. అక్కడ నేను నోరు మూయలేదు."

తెర మీద రాణి నోరు తెరిచింది. తెర కింద నానా గొంతెత్తాడు. గుడారం ఊగిపోయింది. "వన్స్‌మోర్! వన్స్‌మోర్!"

తెర మీది రాణి ఆగలేదు. అడవిలోకి వెళ్లిపోయింది. జనం ఊరుకోలేదు, నేల గుద్దారు. పాతకాలపు మర్యాద తెలిసిన నానా పదం మళ్లీ మొదటినుంచీ ఎత్తుకున్నాడు. అప్పటికి పైన రాణి మునిపత్నుల మధ్య పళ్లు తింటోంది. ఆవిణ్ణి ఎవరూ చూడటం లేదు. జనమంతా పక్కకు తిరిగి, హార్మోనియం దగ్గరి దీపం వెలుగులో నానానే చూస్తున్నారు. టిపణీస్ జనాన్ని చూశాడు. అతనికి కావలసిన జవాబు దొరికింది. బళవంత్‌కూ దొరికింది.

అయినా కేక ఇంకా వినిపిస్తూనే ఉంది. జనం మధ్య కూర్చున్న బళవంత్ లేచాడు. చెంపలు తుడుచుకుని, ఆ చీకట్లో వెనక్కి ఒక అడుగు వేశాడు.

వెనకనుంచి ఎవరో అతని ధోవతి పట్టి లాగారు.

"కూర్చోవయ్యా బాబూ! నానా కనపడట్లేదు."