సుద్దగీతకి ఇవతల

మెడలో టేపు, జేబులో సుద్దముక్క లేకుండా టైలరు ఇంట్లో కూడా కనపడడు. బ్యాంకు అప్పుతో ఇల్లు కొన్నప్పుడు నెలనెలా వాయిదా కట్టగలనా లేదా అన్నదే చూసుకున్నాడు. అప్పు తీరేసరికి రెండిళ్ల ఖరీదవుతుందని ఐదేళ్లు కట్టాక గాని తెలియలేదు. కట్టినదాంట్లో చాలావరకు వడ్డీకే పోయిందట. ఆ రోజే ఇల్లంతా కొలిచి, నేలమీద సుద్దతో గీత గీశాడు. ఇవతల తమది, అవతల బ్యాంకుది. వంటిల్లూ, సగం మంచమూ తమవైపు వచ్చాయి.

“అయితే అవతల నేను ఊడవను,” అంది భార్య.

అప్పట్నుంచి ఆదివారం కుట్టుకూలి కూడా అసలుకే జమ చేస్తున్నాడు. గీత జానెడు జరిగినప్పుడల్లా చీపురు తనే పట్టి, కొత్తగా వచ్చిన జాగా ఊడుస్తాడు. మధ్యాహ్నం కునుకు తీసేటప్పుడు మాత్రం తల తమవైపు పెట్టుకుని, బ్యాంకు వైపు కాళ్లు బారచాపుతాడు.

“తిన్నగా పడుకోవచ్చుగా?” అంటుంది భార్య.

“ఇంత వడ్డీ కడుతున్నాను, కాళ్లన్నా చాపుకోనీవే!”