పరగ్రహ కూలీలకు పెట్టిన యాస

2021 జూలైలో ఒక విదేశీ టెలివిజన్ సీరియల్‌కు తెలుగు మాటలు రాసే పని నాకు అప్పగించారు. పది భాగాలు, ఆరు వారాల గడువు. ఇరవై రెండేళ్ళు చెన్నైలో డబ్బింగ్ రచయితగా పనిచేసి, కరోనా రోజుల్లో స్టూడియోలు మూతపడ్డాక ఆత్మకూరు వచ్చేశాను. బస్ డిపో వెనక వీధిలో ఇల్లు. బొమ్మ ఫైళ్ళు ఇంటర్నెట్‌లో వచ్చేవి, నేను రాసి పంపితే చెన్నైలో రికార్డింగ్ జరిగేది. నా చివరి పని అదే అయింది.

డబ్బింగ్ రచన అచ్చంగా అనువాదం కాదు. తెర మీద పెదవులు మూసుకున్న చోట తెలుగులో ప, బ, మ లాంటి అక్షరం పడాలి. తెర మీద మాట మొదలైనప్పుడు మొదలై, ఆగినప్పుడు ఆగాలి. సంభాషణను చిన్న ముక్కలుగా కోస్తారు, ఒక్కో ముక్కను లూప్ అంటారు. రచయితకు పైన డబ్బింగ్ ఇంచార్జి ఉంటాడు. ఏ పాత్రకు ఏ గొంతు, ఏ యాస అన్నది అతని నిర్ణయం. అతనికి పైన ఛానెల్‌వాళ్ళు. వాళ్ళకు గడువు తప్ప మరొకటి పట్టదు.

కథ ఒక గనుల గ్రహం మీద జరుగుతుంది. అక్కడివాళ్ళకు మెడ మీద చేప మొప్పల్లాంటి చీలికలుంటాయి. బయటి నుంచి వచ్చిన దొరలు వాళ్ళతో గనులు తవ్విస్తారు. ఊపిరి గొట్టాలు ఇద్దరికీ వేరు. కూలీల గొట్టం గుమ్మం బయట మేకుకు వేలాడుతుంటుంది. ఇలాంటి కథలు నాకు కొత్త కావు. పదో తరగతితో చదువు ఆగిపోయినా, వింజమూరు లైబ్రరీలో అనువాద నవలల బీరువాను రెండుసార్లు పూర్తి చేసినవాణ్ణి. సొంత ఊరి గురించి సూటిగా చెప్పలేని సంగతిని రచయితలు వేరే గ్రహానికి మోసుకెళ్ళి చెబుతారని అక్కడే నేర్చుకున్నాను. మొదటి భాగం చూడగానే ఆ గొట్టం ఏమిటో అర్థమైంది. నా చిన్నప్పుడు ఉదయగిరి దగ్గర మా పల్లెలో, టీ అంగడి చూరులో మా వాళ్ళకని వేరే గ్లాసు ఉండేది.

ఇంచార్జి పేరు మూర్తి, నాకంటే పదిహేనేళ్ళు చిన్న. ఫోన్‌లో చెప్పాడు.

"సార్, ఆ మొప్పలవాళ్ళకి మీ ఉదయగిరి వైపు యాస పెట్టండి. కొంచెం కామెడీ పండుతుంది. దొరలకి మామూలు తెలుగు."

సరేనన్నాను. పైగా ఉత్సాహపడ్డాను. ఆ యాసను నా అంత బాగా రాసేవాళ్ళు మా రంగంలో లేరు. నాలుగు భాగాలు రాశాను. అవి రికార్డయ్యాయి, గొంతుల్నీ సంగీతాన్నీ కలిపే ఫైనల్ మిక్సింగ్ కూడా అయిపోయింది.

అప్పుడు మా పెద్దమ్మ కూతురు రాహేలమ్మక్క కంటి ఆపరేషన్‌కని ఆత్మకూరు వచ్చి మా ఇంట్లో దిగింది. ఆమెది ఉదయగిరి కొండ కింద పల్లె, మేకలే జీవనం. ఆపరేషన్ అయ్యాక నల్లద్దాలు పెట్టి, కొన్నాళ్ళు టీవీ వైపు చూడొద్దన్నారు. పక్క గదిలో మంచం మీద పడుకుని, రికార్డయి వచ్చాక నేను సరిచూసుకోవడానికి వేసుకునే తెలుగు భాగాలన్నీ గోడ అవతల నుంచి వింటూ ఉండేది. ఆ రోజు నాలుగో భాగం నడుస్తోంది. కూలీల పెద్ద దొర ముందు నిలబడి "అయ్యా, గాలి చాల్లేదయ్యా, బిడ్డలు సోలిపోతా ఉండారు" అంటాడు. వెంటనే కొరడా చప్పుడు.

"ఒరే సామేలూ, ఎవుర్రా వాళ్ళు? మన పక్కోళ్ళేనా?" అని అక్క కేకేసింది.

"మనుషులే కాదక్కా. వేరే గ్రహమోళ్ళు. సినిమా లాంటిది."

"మొన్నట్నుంచి వింటా ఉండా. వాళ్ళు నోరు తెరిస్తే నవ్వతా ఉండారు, లేకుంటే కొడతా ఉండారు. ఏ ఊరో చెప్తే పొయ్యి అడుగుదామనుకున్నా."

నేను నవ్వాను. ఆమె నవ్వలేదు.

"కొట్టేవోళ్ళ మాటేంది, రేడియో వార్తల మాదిరి ఉండాది?"

"అది పుస్తకాల తెలుగక్కా."

"ఇంగ్లీషోళ్ళు తీసిన దాంట్లోకి మన మాట ఎట్టొచ్చింది?"

"నేనే పెట్టినా."

"పెట్టేదుంటే ఆ దొరకి పెట్టకపోయినావా? మీ నాయన ఉండుంటే చెప్పు తీసుకునుండేవాడు" అని గోడ వైపు తిరిగి పడుకుంది.

నేను మూలంలోని సంభాషణలు తీసి మళ్ళీ విన్నాను. అందులో దొరలూ కూలీలూ ఒకే తీరుగా మాట్లాడతారు. తీసినవాళ్ళు కావాలనే అలా చేశారు. కళ్ళు మూసుకుంటే ఎవరు దొరో, ఎవరు కూలీయో తెలియకూడదు. తేడా అంతా చర్మంలోనే ఉందని చూసేవాడికి తట్టాలి. ఆ తేడాను గొంతులోకి దించింది నేను. ఇన్ని పుస్తకాలు చదివి గొట్టాన్ని గుర్తుపట్టినవాణ్ణి, దీన్ని గుర్తుపట్టలేదు.

ఐదో భాగం రికార్డింగ్ సోమవారం. అందులో కూలీలు తిరగబడతారు, కోర్టులో వాళ్ళ మీద విచారణ జరుగుతుంది. అదీ యాసలో నడిస్తే వాళ్ళ గోడు మొత్తం నవ్వులాట అవుతుంది. శుక్రవారం మూర్తికి ఫోన్ చేసి, అందరికీ ఒకే తెలుగు పెడదామన్నాను.

"ఇప్పుడా సార్? నాలుగు ఎపిసోడ్లు మిక్స్ అయిపోయాయి. అయినా మీ ఊరి యాసే కదా, మీరే సంతోషించాలి."

అయితే విచారణ జరిపే జడ్జికి కూడా అదే పెడదామన్నాను. అతను గట్టిగా నవ్వాడు. "జడ్జి అలా మాట్లాడితే ఎవరు నమ్ముతారు సార్?"

ఫోన్ పెట్టేశాను. చెన్నై వెళ్ళిన మొదటి ఏడాది, అద్దం ముందు నిలబడి నా యాస మార్చుకున్నది, అలా మాట్లాడితే ఎవరూ నమ్మరన్న భయంతోనే.

ఇంచార్జి మాట దాటిన రచయితను మళ్ళీ పిలవరు. అప్పుడు పనులే తక్కువ. ఇవన్నీ తెలిసే శనివారం కూర్చున్నాను. ఆదివారం చర్చిలో ఆరాధనకు కూడా వెళ్ళలేదు. ఐదో భాగంలో కూలీల లూపులన్నీ, పెదవులకు సరిచూసుకుంటూ, దొరల తెలుగులోకే తిరగరాశాను. సోమవారం పదింటికి రికార్డింగ్. మూర్తికి మార్చడానికి వ్యవధి లేకుండా తొమ్మిదిన్నరకు పంపాను. మా రంగంలో దీన్ని మోసం అంటారు. ఇంకొకరు చేసి ఉంటే నేనూ అదే అనేవాణ్ణి.

డిపోలో బస్సు హారన్ కొట్టినప్పుడల్లా ఉలిక్కిపడి ఫోన్ చూసుకున్నాను.

"ఏందిరా, పెళ్ళాం కాన్పుకు పోయినట్టు తిరగతా ఉండావు?" అంది అక్క.

మధ్యాహ్నం రెండింటికి మూర్తి ఫోన్ చేశాడు. గొంతులో కోపం కంటే అలసట ఎక్కువగా ఉంది. వేరే దారి లేక అదే రికార్డ్ చేశామని, పెదవులకు బాగా కుదిరిందని, మిగతావి కూడా అలాగే కానిమ్మని చెప్పాడు. చివర "మీరు చేసింది బాగాలేదు సార్" అన్నాడు. నేను కాదనలేదు.

మొదటి నాలుగు భాగాలు మార్చడానికి ఛానెల్ ఒప్పుకోలేదు. అలా ఆ కూలీలు నాలుగు భాగాలు ఉదయగిరి యాసలో మాట్లాడి, ఐదో భాగం మొదటి నిమిషం నుంచి పుస్తకాల తెలుగు అందుకున్నారు. ఎవరైనా నిలదీస్తారని భయపడుతూ ప్రేక్షకుల వ్యాఖ్యలన్నీ చదివాను. భాష మారిందని తప్పు పట్టినవాడు ఒక్కడూ లేడు. "ఐదో ఎపిసోడ్ నుంచి వీళ్ళకి తెలివొచ్చింది" అని ఒకరు రాశారు. "మధ్యలో చదువుకున్నట్టున్నారు, ఇప్పుడు చూస్తే జాలేస్తోంది" అని ఇంకొకరు.

రెండో సీజన్‌కు నన్ను పిలవలేదు.

నేను గెలిచానని అనుకోవడం లేదు. వాళ్ళ మీద జాలి కలగడానికి మా మాట తీసేయాల్సి వచ్చింది. జడ్జి నోట ఆ మాట పెట్టించడం నా వల్ల కాలేదు. ఈ పని నేర్చుకోవాలని ఇప్పటికీ ఒకరిద్దరు అడుగుతుంటారు. వాళ్ళకు ఒకటే చెబుతాను. రాసిన లూపులు రికార్డయి వచ్చాక బొమ్మ చూడకుండా గొంతులు మాత్రం వినండి. కొట్టేది ఎవరో, దెబ్బలు తినేది ఎవరో మాటను బట్టే తెలిసిపోతుంటే, మూలం తీసి చూడండి. అందులో ఆ తేడా లేకపోతే, పెట్టింది మీరే.