సుధాకరరావుగారి ప్రవేశ సంగీతం

సుధాకరరావుగారి ఇంట్లోకి సంగీతం లేకుండా అడుగుపెట్టిన మనిషి ఇంతవరకూ లేడు. ఆ సంగీతం వేరే ఎక్కడినుంచో రాదు, ఆయన నోట్లోంచే వస్తుంది. మీరు గుమ్మం దగ్గర చెప్పులు విడుస్తుండగానే ఆయన హాల్లో ఏ మూలనున్నా గిరుక్కున తిరిగి, మీ కోసం కట్టిన ట్యూను మొదలెడతారు. మీరు కుర్చీలో కూలబడేదాకా ఆపరు. వాళ్లావిడ భువనగారు ఆఫీసు నుంచి వస్తే సన్నాయి. మా నాటక బృందంలో నటించే సుస్మిత వస్తే వీణ. నేను వస్తే మాత్రం "బుడుంగ్ బుడుంగ్ టుయ్!"

"బుడుంగ్ అంటే ఏమిటండీ?" అని ఆ ట్యూను విన్న మొదటిరోజే అడిగాను.

"మీ నడక."

"మరి ఆ టుయ్?"

"మీ తలమీద ట్యూబ్‌లైట్ పడి మెరుస్తుంది చూశారూ, అదన్నమాట."

ఒళ్లు మండిపోయింది నాకు. ట్యూను మార్చమని బతిమాలాను, బెదిరించాను, పెద్దమనుషులతో చెప్పించాను. "నేను బ్యాంకులో వైస్ ప్రెసిడెంట్‌నండీ, కాస్త హుందాగా ఏదైనా చూడండి" అని ప్రాధేయపడితే, "బ్యాంకుల్లో వైస్ ప్రెసిడెంట్లు అంతస్తుకి నలభైమంది ఉంటారు. బుడుంగ్ బుడుంగ్ టుయ్ మాత్రం మీరొక్కరే" అన్నారు.

కూర్చోవడం అనే విద్య ఆయనకు బొత్తిగా రాదు. సింగపూర్‌లోని టోవా పాయోలో పదకొండో అంతస్తు ఫ్లాటు ఆయనది. హాల్లో ఈ గోడనుంచి ఆ గోడకు, ఆ గోడనుంచి ఈ గోడకు రోజంతా తిరుగుడే. అన్నం కూడా నడుస్తూనే తింటారు. పదో అంతస్తు చైనీస్ ఆంటీ తట్టుకోలేక ఫిర్యాదు చేస్తానంది. క్షమాపణ చెప్పడానికి ఆయన వెళ్లారు. ఆవిడ తలుపు తీసిందో లేదో, మహారాణి సభలోకి వస్తున్నట్టు నోటితో బాకాలూ నగారాలూ మోగించేశారు. ఆవిడ పకపకా నవ్విందట. ఫిర్యాదు గాలికి పోయింది. ఏటా వాళ్ల కొత్త సంవత్సరానికి కమలాపళ్లు కూడా పంపుతోంది.

అయితే ఈ జబ్బు అన్నిచోట్లా కమలాపళ్లు తెచ్చిపెట్టలేదు. హైదరాబాద్‌లో సంగీత దర్శకుడిగా తన మొదటి సినిమాకు రీరికార్డింగ్ చేస్తుండగా వెనక తలుపు తెరుచుకుందట. వచ్చిందెవరో చూడకుండానే, ఆ బూట్ల చప్పుడుకు తగ్గట్టు కరుడుగట్టిన విలన్ ట్యూను అందుకున్నారు. వచ్చినవాడు నిర్మాత. మర్నాటికి ఆ సినిమాకు సంగీత దర్శకుడు మారిపోయాడు. రెండో సినిమా పూర్తయింది కానీ ఈనాటికీ విడుదల కాలేదు. మూడోది విడుదలై, ఇక్కడ ఒక్క ఆట పడింది. అందరం కట్టకట్టుకుని వెళ్లాం. ఆయన కూర్చోరు కదా, బయటికి పోయే తలుపు దగ్గర నిలబడి, తెరమీద ఎవరు రాబోతున్నా వాళ్లకంటే ముందే ట్యూను పాడేస్తున్నారు. హంతకుడెవరో ఇంటర్వెల్‌కు ముందే హాలంతటికీ తెలిసిపోయింది. చివర్లో ఆయన పేరు ఎంత వేగంగా పోయిందంటే, మేం చప్పట్లు మొదలెట్టేసరికి తెరమీద టిఫిన్లు అందించినవాళ్ల పేరుంది. "పర్వాలేదు, వాళ్లూ కష్టపడ్డారు" అన్నారాయన.

భువనగారి ఉద్యోగం వెంట సింగపూర్ వచ్చాక ప్రకటనలకూ, ఇక్కడ హాకర్ సెంటర్లనే తిండిబజార్ల వంటల వీడియోలకూ సంగీతం చేశారు. చివరికి ఆడియో నాటకాల్లో పడ్డారు. అసలు ఆ కళ ఈయన కోసమే పుట్టింది. "చంద్రశేఖర్‌గారూ, వినేవాడికి ఏమీ కనపడదు. లోపలికి ఎవరొచ్చారో సంగీతమే చెప్పాలి. చెప్పకపోతే పాపం చీకట్లో తడుముకుంటాడు" అని నాకు వందసార్లు చెప్పి ఉంటారు. వందసార్లూ నేను గడియారం చూసుకున్నాను.

శనివారం మధ్యాహ్నాలు ఆయనింట్లోనే మా నాటక బృందం రికార్డింగ్. కార్యదర్శిని నేను. మాలో అసలైన నటి సీతాలక్ష్మి ఆంటీ. డెబ్బై రెండేళ్లు. తాతల కాలంలో శ్రీకాకుళం వైపు నుంచి వచ్చిన కుటుంబం, ఆవిడ పుట్టిందీ పెరిగిందీ ఇక్కడే. ముప్ఫై ఏళ్లు టెలిఫోన్ ఎక్స్ఛేంజ్‌లో పనిచేశారు. ఆవిడ "మకాన్ అయిందా తంబీ?" అని, అంటే భోజనం అయిందా అని, ఉత్తినే అడిగినా, తిన్నవాడికి సైతం మళ్లీ ఆకలేస్తుంది. అంత గొంతు అది.

రెండేళ్ల కిందట ఓ శనివారం సుధాకరరావుగారు ఉన్నట్టుండి మా చేతుల్లో స్క్రిప్టులన్నీ లాగేసుకున్నారు. "కాగితం చప్పుడు! నా మైకులో అడవి తగలబడిపోతోంది! ఇవాళ్టి నుంచి కాగితం బంద్."

"ఫోన్లో చూసి చదువుతం సార్, దానికి సప్పుడుండదు గద?" అంది సుస్మిత. వరంగల్ పిల్ల, లాజిక్ వదలదు.

"ఫోను వెలుతురు కూడా నాకు వినిపిస్తుంది!"

ఇంక చేసేదేముంది? అందరి డైలాగులూ ఆయనే చదివి వాట్సాప్‌లో పంపడం, మేం విని కంఠతా పట్టడం. పొద్దున్నే మా బుకిట్ బటోక్ స్టేషన్‌లో రైలెక్కి ఇయర్‌ఫోన్ పెట్టుకుంటే, హీరోయిన్ డైలాగు కూడా ఆయన గొంతులోనే. "ప్రియా, నువ్వు లేక బతకలేను" అని సుధాకరరావుగారు నా చెవిలో వెక్కి వెక్కి ఏడుస్తుంటే, బ్యాంకుకు పోయే మనిషికి ఎలా ఉంటుందో ఆలోచించండి. మా అమ్మాయి అనన్య ఓసారి విని, "నాన్నా, దిస్ అంకుల్ ఈజ్ సీరియస్లీ నాట్ ఓకే లా" అని తేల్చేసింది.

సరిగ్గా అప్పటినుంచే ట్యూన్ల పిచ్చి కూడా ముదిరింది. అంతకుముందు మనిషికి రోజుకో ట్యూను కట్టేవారు. ఇప్పుడు ఒకరికి ఒకటే, అదీ చచ్చినా మార్చరు. నా ఖర్మకొద్దీ ఆ రోజు నామీద ఉన్నది బుడుంగ్. అదే ఖాయమైపోయింది.

ఇలా ఉండగా ఈమధ్య హైదరాబాద్ ఆడియో కంపెనీ ఒకటి మా బృందంతో పన్నెండు భాగాల నాటకం చేయిస్తామంది. నాయిక డెబ్బై ఏళ్ల పూటకూళ్లమ్మ. సంగీతం సుధాకరరావుగారికే ఇస్తామన్నారు. సీతాలక్ష్మి ఆంటీ నన్ను పక్కకు పిలిచి, "తంబీ, ఈ వయసులో నాకు హీరోయిన్ వేషం ఇంకెవరిస్తారు? ఇది పోతే మళ్లీ రాదు. జాగ్రత్తగా మాట్లాడు" అన్నారు. ఆ గొంతు వణకడం నేను వినడం అదే మొదలు.

కంపెనీ తరఫున ఉజ్వల అనే అమ్మాయి వచ్చింది. సుధాకరరావుగారు ఆవిడకు మంచి హుషారైన ట్యూను పాడారు. నాకు రెండేళ్లుగా దక్కనిది ఆవిడకు రెండు నిమిషాల్లో దక్కింది. ఆవిడ నవ్వి, సంచిలోంచి కాగితాలు తీసి అందరికీ పంచింది.

"కొత్త సీనండీ. ఆంటీగారూ, ఒక్కసారి చదివి వినిపించండి. గొంతు ఎలా ఉందో చూస్తే నా పనైపోయినట్టే."

ఆంటీ కాగితం అందుకున్నారు. నిటారుగా పట్టుకున్నారు. ఎంతసేపటికీ చదవరు.

సుధాకరరావుగారు ఒక్క ఉదుటున వచ్చి ఆ కాగితం లాక్కున్నారు. నా చేతిలోదీ, సుస్మిత చేతిలోదీ, ఆఖరికి ఉజ్వల చేతిలోదీ లాక్కుని, వంటింట్లోకి పరిగెత్తి, అన్నీ ఫ్రిజ్‌లో పెట్టి తలుపేశారు.

"కాగితం ఉన్న ఇంట్లో నేను సంగీతం చెయ్యను! కావాలంటే ఇంకో మ్యూజిక్ డైరెక్టర్‌ని వెతుక్కోండి!"

ఉజ్వల బిత్తరపోయింది. "ఈయన ఎప్పుడూ ఇంతేనా?"

"రోజూ గిట్లనే ఉంటరు మేడం. ఇయ్యాల జర ఎక్కువైంది" అంది సుస్మిత.

ఉజ్వల సంచి భుజాన వేసుకుంది. ఆంటీ లేచి బయట కారిడార్‌లోకి వెళ్లిపోయారు. ఆవిడ వెనకే సుధాకరరావుగారూ పోయారు. నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. ఈ మనిషి పిచ్చికి ఆవిడ వేషం పోతోంది కదా! ఇవాళ అటో ఇటో తేల్చేద్దామని నేనూ బయటికి నడిచాను.

ఆంటీ పిట్టగోడ దగ్గర ఉన్నారు. ఆయన కొంచెం అవతల చేతులు నలుపుకుంటూ అటూ ఇటూ తిరుగుతున్నారు. నేను ముందు ఆవిణ్ణి ఓదారుద్దామని ఎదురుగా వెళ్లి, మాట తోచక ఊరికే నిలబడ్డాను. రెండడుగుల దూరం. మిట్టమధ్యాహ్నం. ఆవిడ నా చెవి పక్కగా ఎటో చూస్తూ అడిగారు.

"ఎవరది?"

ఆవిడ అడిగింది నన్నే.

వెనకనుంచి నెమ్మదిగా వినిపించింది. "బుడుంగ్ బుడుంగ్ టుయ్."

"ఓ, చంద్రశేఖర్ తంబీయా!" ఆవిడ ముఖం విప్పారింది. "అలా మాట్లాడకుండా నిలబడతావేం, అయ్యో!"

అప్పుడు చెప్పారు ఆవిడే. చూపు నడిమధ్య అంతా మసకట. అంచులు మాత్రం కనిపిస్తాయట. నడవగలరు, వండగలరు. ముఖాలు తెలియవు, అక్షరాలు తెలియవు. "రెండేళ్ల కింద ఇతనింట్లో గోడకు తగిలించిన రెయిన్‌కోటును పట్టుకుని, 'ఏం భువనా, ఇలా చిక్కిపోయావు?' అని అడిగాను. ఇతనికి తెలిసిపోయింది. ఎవరికీ చెప్పొద్దని ఒట్టు వేయించుకున్నాను. మీరంతా జాలిపడి నన్ను కూర్చోబెడితే నేను తట్టుకోలేను తంబీ."

"అందుకేనండీ మీ ట్యూను మార్చలేదు" అన్నారు సుధాకరరావుగారు, తిరగడం ఆపకుండానే. "మారిస్తే ఆవిడకు మీరు మళ్లీ కొత్తమనిషి అయిపోతారు."

నాకు ఎంత సిగ్గేసిందో చెప్పలేను. రెండేళ్లు ఒక టుయ్ కోసం ఈయన ప్రాణం తీశాను. కళ్లు తుడుచుకునే తీరిక కూడా లేదు, ఉజ్వల అప్పటికే చెప్పులు వేసుకుంటోంది. పరిగెత్తుకెళ్లి అడ్డం నిలబడ్డాను.

"మేడం, మా దగ్గర పద్ధతే ఇది. కాగితం ఉండదు. ఆ సీను మీరే ఒక్కసారి చదవండి. ఆవిడ విని చెప్తారు."

"మూడు పేజీలండీ!"

"చదవండి మీరు."

ఫ్రిజ్‌లోంచి చల్లటి కాగితాలు వచ్చాయి. ఉజ్వల చదివింది. ఆంటీ కళ్లు మూసుకుని విన్నారు. నంబర్లన్నీ నోటికి పెట్టుకుని ముప్ఫై ఏళ్లు ఊరందరికీ లైన్లు కలిపిన మనిషి ఆవిడ. మొత్తం సీను పొల్లుపోకుండా అప్పజెప్పారు. మధ్యలో ఉజ్వల దగ్గినచోట, అది కూడా సీనులో భాగమే అనుకుని, తనూ చిన్నగా దగ్గారు. పూటకూళ్లమ్మకు ఆ దగ్గు భలే కుదిరింది.

సీను అయిపోయింది. ఆంటీయే అన్నారు. "నాకు అక్షరాలు కనపడవమ్మా. చెవిలో వేస్తే చాలు. పనికొస్తానా?"

ఉజ్వల సంచి కింద పెట్టింది. "వినేవాళ్లకి మాత్రం ఏం కనపడుతుందండీ? మీరే మా హీరోయిన్. ఆ దగ్గు మాత్రం ఉంచండి."

సుధాకరరావుగారు ఆ రోజు ఏకంగా నాలుగు నిమిషాలు కుర్చీలో కూర్చున్నారు. భువనగారు భయపడి డాక్టరుకు ఫోన్ చెయ్యబోయారు.

పోయిన నెల ఏదో సినిమా రీరికార్డింగ్‌కు ఆయన హైదరాబాద్ వెళ్లారు. మూడు వారాల పని. వెళ్తూ వెళ్తూ, "నేను లేనన్నాళ్లూ ఎవరి ట్యూను వాళ్లే పాడుకోండి" అని ఆజ్ఞ వేశారు. ఆంటీకి కొత్త భాగం డైలాగులు చెప్పి రావాల్సిన వంతు నాకొచ్చింది. వుడ్‌ల్యాండ్స్‌లో ఆవిడ ఫ్లాటు ఇనుప గేటు ముందు నిలబడ్డాను. కారిడార్‌లో ఓ పెద్దాయన కుండీలకు నీళ్లు పోస్తున్నాడు. బడి యూనిఫాంలో ఇద్దరాడపిల్లలు లిఫ్ట్ కోసం చూస్తున్నారు. నేను బ్యాంకు వైస్ ప్రెసిడెంట్‌ని. ఇటూ అటూ చూసి, గొంతు బాగా తగ్గించి అన్నాను.

"బుడుంగ్ బుడుంగ్."

లోపల అలికిడి అయింది. గేటు మాత్రం తెరుచుకోలేదు.

"తంబీ," అంది లోపల్నుంచి ఆ గొంతు, "టుయ్ ఏదీ?"

కుండీల పెద్దాయన నీళ్లు పోయడం ఆపి నావైపు చూశాడు. నేను చెయ్యెత్తి తలమీద ఓసారి రాసుకుని, కారిడార్ అంతా మోగేలా పాడాను. "టుయ్య్!"

"ఆఁ, ఇప్పుడు రా" అన్నారు ఆంటీ, గేటు తీస్తూ.