కామమ్మను పట్టించిందెవరు

యర్రమ్మప్ప చేపలు అమ్మేటప్పుడు కొనేవాళ్ళ మొహం చూసేది కాదు, చేతులు చూసేది. మొహం ఎన్ని వేషాలైనా వేస్తుంది, చేతులకు అంత తెలివి ఉండదని ఆవిడ లెక్క. జంగ్లీఘాట్ వాడలో ఆవిడ అనుమానించని మనిషి లేడు. పలకరిస్తే ఎందుకు పలకరించావని అనుమానం, పలకరించకపోతే ఏం దాస్తున్నావని అనుమానం. నేను ఆవిడకి దూరపు చుట్టాన్ని, చెల్లెలి వరస. నన్నూ వదల్లేదు.

ఆ అనుమానం పుట్టుకతో వచ్చింది కాదు. జపాను వాళ్ళు ఈ దీవుల్ని ఏలుతున్న రోజుల్లో, ఆవిడకి ఎనిమిదేళ్ళప్పుడు, తల్లి కామమ్మను పట్టుకుపోయి చంపేశారు. తండ్రి దానయ్యను అప్పటికే విమానాల మైదానం పనికి తోలుకుపోయారు, తిరిగి రాలేదు. జపాను వాళ్ళిచ్చిన చీటీ లేనివాళ్ళు సముద్రం దరికి పోకూడదు. చీకటి పడ్డాక దీపం కనబడితే ఇంగ్లీషు ఓడలకి సైగలు చేస్తున్నట్టే లెక్క. పిల్ల ఆకలికి ఏడుస్తుంటే ఏ తల్లి ఊరుకుంటుంది? కామమ్మ ఒక రేకు డబ్బాకి ఒక పక్కే చిల్లు పొడిచి, లోపల కొబ్బరినూనె దీపం పెట్టుకుని, ఆటు పోయిన వేళ రాళ్ళ సందుల్లో పీతలు పట్టి తెచ్చేది. ఆ వెలుగు జానెడు దూరం కూడా పోదు. ఎవరో చెబితే తప్ప తెలిసే దారి లేదు.

ఆ చెప్పినవాళ్ళెవరు? యర్రమ్మప్ప బతుకంతా ఆ ఒక్క ప్రశ్నే.

అందరికంటే ఎక్కువ అనుమానం పక్కింటి నూకన్న తాత మీద. ఆ రోజుల్లో జపాను దొరలకి చేపలు పట్టి పెట్టేది అతనే, వాడలో సముద్రం చీటీ ఉన్నదీ అతనికే. యుద్ధంలో అందరూ ఎముకల గూళ్ళైతే అతను మాత్రం నిలబడగలిగాడు. నిప్పు లేందే పొగ రాదు కదా. తలమీద బుట్టతో బజారుకి బయల్దేరాక నూకన్న తాత ఎదురైతే యర్రమ్మప్ప అక్కడే బుట్ట దింపేది, ఉమ్మేది, ఇంటికి పోయి ఇన్ని నీళ్ళు తాగి మళ్ళీ బయల్దేరేది. వాడంతా చూస్తుండగా ఏళ్ళ తరబడి ఇదే. పాపం ఆ ముసలాయన ఆవిడ బయల్దేరే వేళకి ఇంటి వెనక కూర్చోవడం అలవాటు చేసుకున్నాడు. అలా దాక్కోవడం చూసి ఆవిడ అనుమానం ఇంకా బలపడింది.

1970లో నాకు ఇరవై రెండేళ్ళు. మా తాత భీమిలి వైపు నుంచి రంపపు మిల్లు పనికొచ్చి ఇక్కడే ఉండిపోయాడు. నేను ఇక్కడే పుట్టి, ఇక్కడే చదివి, చిన్న బడిలో టీచరునయ్యాను. అప్పుడు ఊళ్ళో వీరాంగనా మహిళా సమాజ్ అని ఒకటుండేది. ఆఫీసర్ల భార్యలు తెల్లచీర, కాషాయం అంచుతో గురువారాలు కూడేవారు. ఉక్కపోతతో చెమటలు కారుతుంటే సరిహద్దు సిపాయిల కోసం ఉన్ని స్వెట్టర్లు అల్లేవారు. వాళ్ళ ప్రెసిడెంటు హేమలతా దీదీ. యుద్ధకాలంలో ప్రాణాలిచ్చిన ఆడవాళ్ళకి జెట్టీ దగ్గర ఒక రాయి నిలబెట్టాలని ఆవిడకి తోచింది. పెద్ద అతిథిని పిలిచారు, తేదీ ఖాయం చేశారు, పందిరికి చెప్పారు. రాయి మీద వేయడానికి పేర్లు మాత్రం లేవు. ఆలి లేదు చూలు లేదు, కొడుకు పేరు సోమలింగం. తెలుగూ హిందీ రెండూ వచ్చని నా చేతిలో ఒక నోటుపుస్తకం పెట్టి జంగ్లీఘాట్ మీదికి తోలారు.

పుస్తకం చూడగానే వాడంతా తలుపులు వేసుకుంది. అంతకు ముందు పుస్తకాలు పట్టుకొచ్చినవాళ్ళు గుడిసెలు కొలిచారు, ఆర్నెల్లలో ఆ వరస గుడిసెలు లేకుండా పోయాయి. కాళమ్మ అనే ముసలావిడ నన్ను పట్టుకుని అడిగింది.

"రాయి ఎంతెడల్పు ఉంటాదమ్మా? దాని సుట్టూ తోట గట్రా ఏస్తారేటి? ఆ తోట మా ఇంటి దాకా వొచ్చేస్తాదా?"

నేను నవ్వేశాను గాని, నాకూ లోపల పురుగు తొలుస్తూనే ఉంది. హేమలతా దీదీ కామమ్మ గురించి అడిగిన దానికంటే జెట్టీ పక్క ఖాళీ స్థలం గురించి అడిగిందే ఎక్కువ.

యర్రమ్మప్ప మాత్రం తానే వెతుక్కుంటూ వచ్చింది. తల్లి పేరు వేసుకోండి గాని ఒక షరతు అంది.

"మా యమ్మ పేరొక్కటే కాదు. గద్దార్ సెప్పడం వల్ల సచ్చిపోయిందని కూడా రాయాల. అచ్చరం అచ్చరం రాయాల. ఆ రాయి రోజూ సూస్తా ఆడు కుళ్ళి సావాల."

గుమ్మడికాయల దొంగ ఎవరంటే భుజాలు తడుముకునేవాడు దొరుకుతాడని ఆవిడ ఎత్తు. హేమలతా దీదీ ఎగిరి గంతేసినంత పని చేసింది. గద్దార్, అంటే ద్రోహి, ఉంటేనే వీరనారి కథ నిలబడుతుందని నాతోనే అంది. హిందీలో నాలుగు వరసలు తయారుచేసింది: కామమ్మ జైహింద్ అంటూ తుపాకీకి ఎదురు నిలిచిందనీ, ఒక గద్దార్ పట్టించాడనీ. జైహింద్ అన్నట్టు ఎవరు చూశారని అడిగాను. "అనే ఉంటుంది" అంది దీదీ. యర్రమ్మప్ప వేలిముద్ర వేసింది. వరసలు మద్రాసు ఓడెక్కాయి, రాయి చెక్కేది అక్కడే.

అంతటితో ఊరుకోక యర్రమ్మప్ప సమాజ్‌లో చేరిపోయింది. తెల్లచీర కట్టుకుని గురువారాలు గుమ్మం పక్కన కూర్చునేది. దేశభక్తి అనుకున్నారు దీదీలు. నాకు తెలుసు, ఎవరు ఏం చెప్పారో కనిపెట్టడానికి. స్వెట్టరు అల్లమంటే వలముడి వేసేది.

రాయి మద్రాసులో ఉండగానే వాడలో మిగిలిన వాళ్ళ జ్ఞాపకాలు వరసగా రాసుకుని, కింద వేలిముద్రలు వేయించుకున్నాను. ఆఖర్న యర్రమ్మప్పవి. యుద్ధం రోజులు చెప్పమంటే రెండు గంటలు వాడని తిట్టింది. తర్వాత ఒక్కసారి గొంతు మెత్తబడింది.

"ఒక్క మంచి మనిసిని సూసాను రత్నం ఆ రోజుల్లో. ఎవరో దీదీ. నన్ను ఒళ్ళో కూకోబెట్టుకుని తల దువ్వినాది. బెల్లంముక్క ఇచ్చినాది. రెండేళ్ళయినాది తీపి నోట్లో ఎట్టి. ఆ తల్లి ఏడున్నా సల్లగుండాల."

నా కలం ఆగిపోయింది. ఎందుకంటే ఆ ముందు వారమే నూకన్న తాత చెప్పింది రాసుకున్నాను. అప్పుడే హేమలతా దీదీకి చెప్పి ఉండాల్సింది. ఓడ వెళ్ళిపోయిందిలే అనుకున్నాను. టెలిగ్రాం అనేది ఒకటుందని నాకు తెలుసు. పెద్దవాళ్ళ పనికి అడ్డం పడితే ఉద్యోగానికేం వస్తుందోనని భయపడ్డాను, అంతే.

రాయి వచ్చింది. ఆవిష్కరణకి మూడు రోజులుందనగా, వాడలో పెద్దవాడు కాబట్టి నూకన్న చేత మొదటి దండ వేయిద్దామంది హేమలతా దీదీ. ఆ సాయంత్రమే యర్రమ్మప్ప మా ఇంట్లోకి దూసుకొచ్చింది.

"నా తల్లి పేరుకి ఆడు దండేస్తాడా? తీయ్యే ఆ కాపీ పుస్తకం. ఆడేటి సెప్పాడో సదువు. ఇప్పుడే సదువు."

పుస్తకం తీయక తప్పలేదు. నూకన్న తాత పేజీ తెరిచి, "జపాను వాళ్ళ కాలంలో చాలా కష్టాలు పడ్డాం, కామమ్మ మంచిది, ఎవరు చెప్పారో నాకు తెలియదు" అని చదివి మూసేయబోయాను.

ఆవిడ నా చెయ్యి పట్టుకుంది. చదువు రాదు. కానీ వలకళ్ళు లెక్కపెట్టే వేలు అది. పేజీ మీద ఒక్కో వరసా ముట్టుకుంటూ కిందిదాకా వచ్చింది, తిప్పి వెనక వైపు కూడా.

"ముప్పై ఒక్క గీతలున్నాయి. నువ్వు మూడు గీతలంత సదివినావు. మిగతాయి ఏటి మింగేసినావా?"

అబద్ధం నిలబడలేదు. చదివాను.

ఆ రోజుల్లోనూ ఒక మహిళా సంఘం ఉండేదట. దేశం కోసమంటూ ఇంటింటికీ తిరిగి పేర్లు రాసుకునేది. నూకన్న తాత మాటలు ఆయన చెప్పినట్టే రాశాను:

"పుస్తకం ఒట్టుకుని ఒకావిడ వొచ్చినాది. యర్రమ్మని ఒళ్ళో ఎట్టుకుని తల దువ్వి, బెల్లంముక్క ఇచ్చి, మీ యమ్మ నీకేటి పెడతాది అని అడిగినాది. పీతలు అన్నాది పిల్ల. సముద్రం కాడికి ఎల్లకూడదు గదా, ఏడియి అన్నాది. డబ్బాలో దీపమెట్టుకుని తెస్తాది అన్నాది పిల్ల, మా యమ్మకే ఒచ్చు అని. ఆవిడ కావాలని అడిగినాదో, ఊరికినే రాసుకున్నాదో నాకు తెల్దు. పుస్తకం జపానోళ్ళ ఆపీసుకి ఎల్లినాది. నాను ఆ పక్కనే వల బాగుసేసుకుంటన్నాను. పిల్లని కసరొచ్చు, పిలిసి పక్కకి తీసుకుపోవొచ్చు. సీటీ పోతాదని బయమేసి తల ఒంచుకున్నాను. ఇది ఆ పిల్లకి సెప్పకమ్మా. వాడందరికీ తెలుసు, ఎవులూ సెప్పలేదు. నన్నే అనుకోనీ. సగం నాదే గదా."

యర్రమ్మప్ప మొహంలో ఏ మార్పూ లేదు. మొదట వచ్చింది అలవాటైన అనుమానమే.

"బెల్లం సంగతి నీకొక్కదానికే సెప్పాను. నువ్వెల్లి ఆడికి ఊదినావు. ఆడు దాన్ని ఒట్టుకుని కత అల్లీసినాడు."

పుస్తకం ఆవిడే లాక్కుని పేజీలు తిప్పింది. తన నీలి వేలిముద్ర ఉన్న పేజీ దొరికింది. అది నూకన్న తాత పేజీకి ఆరు పేజీల తర్వాత ఉంది. వెనక్కి తిప్పింది, ముందుకి తిప్పింది, ఒక్కో పేజీ వేలితో లెక్కపెట్టింది. ఎన్నిసార్లు లెక్కపెట్టినా ఆరే.

"నానేనా?" అంది.

ఇరవై ఆరేళ్ళు ఊరందరినీ అడిగిన గొంతు కాదు అది. నేను ఆవిడ కాళ్ళ దగ్గర కూర్చుని ఏడ్చేశాను. ఆవిడ ఏడవలేదు. కొంచెం సేపటికి లేచి నూకన్న తాత ఇంటికి పోయింది. నేనూ వెనకాలే వెళ్ళాను, ఏం చేస్తుందోనని భయం. గుమ్మంలో నిలబడి అడిగింది.

"నా నోరు సెడ్డది. ఇన్నేళ్ళు నీ మొకం మీద ఉమ్మేస్తే పడ్డావు. ఒక్కపాలైనా సెప్పీయాలనిపించలేదేటి మావా?"

ముసలాయన వల మీంచి తలెత్తలేదు. "ఎనిమిదేళ్ళ పిల్లవి. ఏటని సెప్పమన్నావు?" అన్నాడు.

మర్నాడు పొద్దున్నే ఆవిడా నేనూ హేమలతా దీదీ బంగళాకి వెళ్ళాం. గద్దార్ అన్న మాట రాయి మీంచి తీసేయించమంది యర్రమ్మప్ప. కావాలంటే పిల్ల ఆకలితో చెప్పేసిందని రాయించమంది. నేను హిందీలో చెప్పి పేజీ చూపించాను. దీదీ రెండుసార్లు చదివింది. చెడ్డ మనిషి కాదు, కళ్ళలో నీళ్ళు తిరిగాయి. అయినా ఆ పేజీని పుస్తకంలోంచి జాగ్రత్తగా చింపి, నాలుగు మడతలు పెట్టి తన సొరుగులో వేసుకుంది.

"ఎల్లుండి పొద్దున ఇంతమంది ముందు ఇది చెప్పగలమా రత్నా? ఒక మహిళా సంఘం పుస్తకం వల్ల ఒక తల్లి చచ్చిపోయిందంటే రేపు మన పుస్తకానికి ఎవరు తలుపు తీస్తారు? పిల్ల పేరు బయటికి రాదుగా. గద్దార్ అని ఉంటే ఎవరికీ నష్టం లేదు."

ఎవరికీ నష్టం లేదట! ఆ మాట యర్రమ్మప్పకి తెలుగులో చెప్పడానికి నాకు నోరు రాలేదు. ఆవిడకి అంతపాటి హిందీ అర్థమైంది.

ఆవిష్కరణకి నూకన్న తాత రాలేదు. దండ పెద్ద అతిథే వేశారు. యర్రమ్మప్ప తెల్లచీరలో మొదటి వరసలో నిలబడింది. హేమలతా దీదీ రాయి మీది మాటలు మైకులో చదివింది. గద్దార్ అనగానే వెనకనుంచి ఎవరో మూడుసార్లు "గద్దార్" అని అరిచారు, జనం "ముర్దాబాద్" అన్నారు. మూడుసార్లూ యర్రమ్మప్ప చెయ్యి పైకి లేచింది. అందరికంటే గట్టిగా అరిచింది. శభాష్ అని ఒక దీదీ భుజం తట్టింది. మా వాడవాళ్ళు మాత్రం ఒక్కరూ నోరు మెదపలేదు, నేల చూస్తూ నిలబడ్డారు.

ఆ తర్వాత ఆవిడ ఎవరినీ అనుమానించలేదు. ఎవరు ఎంతిస్తే అంతకి చేపలిచ్చేసేది. ఇదివరకు ఆవిడ నోటికి జడిసినవాళ్ళే, "ఒక్కసారి తిట్టవే తల్లీ" అని బతిమాలేవారు. తిట్టేది కాదు.

సమాజ్ ఆ కథని చిన్న పుస్తకంగా వేసింది. బడిపిల్లల కోసం దాన్ని తేలిగ్గా తిరగరాసే పని నాకే అప్పగించారు, రాశాను. పదిహేనేళ్ళ తర్వాత, ఆగస్టు పండగకి కామమ్మ కథ అప్పజెప్పే వంతు నా క్లాసులో చిన్నమ్మికి వచ్చింది. యర్రమ్మప్ప మనవరాలు. తప్పుల్లేకుండా వచ్చిందో లేదో చూద్దామని సాయంత్రం వాళ్ళింటికి వెళ్ళాను. యర్రమ్మప్ప పీటమీద కూర్చుని చేపలు శుభ్రం చేస్తోంది. పిల్ల చేతులు కట్టుకుని గడగడా అప్పజెప్పేసి, అమ్మమ్మ వైపు తిరిగింది.

"అమ్మమ్మా, వో గద్దార్ కౌన్ థా, ఎవుడాడు? మన వాడలో వోడేనా? పకడ్‌లేదా, ఒట్టుకోలేదా ఆడిని?"

యర్రమ్మప్ప కత్తి పక్కన పెట్టింది. చేతులు కడుక్కుంది. పిల్లని దగ్గరికి లాక్కుని, నా వైపు చూసింది. పదిహేనేళ్ళలో ఆవిడ నన్ను అలా సూటిగా చూడడం అదే మొదలు.

"నాకు సదువు రాదమ్మా. రాసినావిడ ఎదర కూకున్నాది. అడుగు."

చిన్నమ్మి నా దగ్గరికి వచ్చి నిలబడింది. దానికప్పుడు ఎనిమిదేళ్ళు.