చుక్కల చోట వెలసిన పాదం

దయ్యాల ప్రస్తావన ఎవరు తెచ్చినా, తర్కంతో వారి నోరు మూయించడం నాకు చిరకాలపు అలవాటు. బెంగళూరు శివారు యలహంకలో జరిగిన ఈ సంగతి ముందు మాత్రం నా తర్కం ఒక్క అడుగూ సాగలేదు.

చెదలు తిన్న తాళపత్ర కావ్యమొకదాన్ని ఏళ్లతరబడి పరిష్కరించి, కంప్యూటరుకెక్కించి, పెన్‌డ్రైవులో భద్రపరిచాను. మూలపత్రాలు అప్పటికే పొడిపొడి అయిపోయాయి. కంప్యూటరులో కూడా మరో ప్రతి ఉంచుకోలేదు. తీరా అచ్చుకివ్వబోయే వేళ పెన్‌డ్రైవు తెరుచుకోలేదు, ‘ఫార్మాట్ చేయాలా?’ అని మాత్రం అడిగింది. చేస్తే లోపలున్నదంతా చెరిగిపోతుందని విని ఉన్నాను.

మా వీధి చివర కంప్యూటర్లు బాగుచేసే మునిరాజు దగ్గరికి పరుగెత్తాను. తాతల కాలంనుంచీ బెంగళూరులో స్థిరపడిన తెలుగు కుటుంబం వాళ్లది.

“ఫార్మాట్ అని నొక్కితిరా సామీ?”

“లేదప్పా, ‘వద్దు’ అనే నొక్కాను.”

“బతికించినారు! మా గిరాకీలు ముందు నొక్కేసి, ఆమేల ఏడుస్తా వస్తారు. లోపల సరుకు ఉండాది, తీస్తాను.”

అతడేదో సాఫ్ట్‌వేరు నడిపాడు. పేర్లు పోగొట్టుకున్న ఫైళ్లు అంకెలు తగిలించుకుని ఒక్కొక్కటే బయటపడ్డాయి. కావ్యం దొరికింది! కొన్ని పుటల్లో అక్షరాలకు బదులు గళ్లున్నాయి, తక్కినదంతా క్షేమం. ఆత్రంగా చదువుతూ తొలకరి వర్ణన దగ్గర నిలిచిపోయాను.

అక్కడొక తేటగీతిలో మూడవ పాదం చెదలపాలైంది. సొంతంగా పూరించడం ఇష్టంలేక చుక్కలు పెట్టి వదిలాను. ఇప్పుడా చుక్కలు లేవు.

మట్టి మింగిన గింజలు మరల మొలిచె

వేళ్లమీద గణాలు లెక్కించాను. సరిపోయాయి. యతి కుదిరింది. చెడిన ఫైలు అక్షరాలను చెరపవచ్చు గాని, ఛందస్సు పాటిస్తుందా?

“ఇది నీవు చేర్చావా అప్పా?”

“నాకు తెలుగు మాట్లాడేదే వస్తాది సామీ, చదివేది కన్నడమే. ఏం, తప్పు పడిందా?”

“తప్పే లేదయ్యా!” అని కేక వేశాను. అంగడిలోని వారంతా తిరిగి చూశారు.

లోగడ ఆ ఒక్క పద్యాన్ని మిత్రుడికి పంపి ఉన్నాను. ఫోను చేసి అడిగితే, తన దగ్గరి కాగితంలో చుక్కలే ఉన్నాయన్నాడు.

పూరణ ఎవరిదో అడుగున సూచించడం పరిష్కర్తల మర్యాద. అది నాది కాదు. కవిదే అనడానికి ఆధారం లేదు. తీసివేయడానికి మనసొప్పలేదు. పాదాన్ని అలాగే ఉంచి, కింద ‘లభించినది’ అని మాత్రం వేశాను.

ఎవరి వలన లభించినదో నేటికీ ఎరుగను.