లైసెన్సు మీద నాన్న పేరు

నాకు కోపం ఎక్కువని మా వాళ్లంతా అంటారు. ఆ కోపమే లేకపోతే వన్‌టౌన్‌లో మా బేకరీ ఈపాటికి మూతపడి ఉండేది.

నాన్న ఆ బేకరీని బతికుండగానే నాకిచ్చేశాడు. మా ముస్లింలలో అలా ఇవ్వడాన్ని హిబా అంటాం. ఇచ్చేవాళ్లు ఇస్తున్నామని నోటితో చెప్పాలి, పుచ్చుకునేవాళ్లు పుచ్చుకున్నామనాలి, ఆస్తి వాళ్ల చేతికి రావాలి. కాగితం అక్కర్లేదు. ఇద్దరు పెద్దమనుషుల ముందు నాన్న తాళంచెవి నా అరచేతిలో పెట్టాడు. అన్నయ్య కూడా అక్కడే కూర్చుని బిర్యానీ తిన్నాడు. ఆ రోజు నుంచి పిండి కలిపించిందీ, బట్టీ రాజేయించిందీ, ఫిషింగ్ హార్బరుకి పోయేవాళ్లకి బన్నులు అందించిందీ నేనే.

ఒక్క పొరపాటు చేశాను. ట్రేడ్ లైసెన్సు ఏటేటా నాన్న పేరు మీదే రెన్యువల్ చేయించాను. మనిషి ఎదురుగా కూర్చుని టీ తాగుతుంటే, ఆయన పేరు కొట్టించి నా పేరు రాయించడానికి చెయ్యి రాలేదు. మా వీధిలో ఎవరికీ రాదు. తండ్రి పోయాకే అక్కడ లైసెన్సు మీద పేరు మారుతుంది.

నాన్న పోయిన కొన్నాళ్లకే అన్నయ్య కోర్టుకెక్కాడు. హిబా జరగనే లేదు, షాపు ఇద్దరిదీ అన్నాడు. నా పేరు మీద లైసెన్సుకి దరఖాస్తు పెడితే, దావా కాపీ చూపించి దాన్నీ ఆపించాడు.

“స్థలం ఎవలదో తేలకుండా లైసెన్సెలాగిత్తామమ్మా? కోర్టు కాయితం అట్టుకురండి,” అన్నాడు లైసెన్సు ఆఫీసు గుమస్తా.

“తేలడానికి ఎన్నాళ్లవుద్ది?”

“మమ్మల్నడిగితే ఏటి సెప్తాం?”

ఒళ్లు మండింది. కోర్టులో చూస్తే వాయిదా మీద వాయిదా. ఈలోగా, లైసెన్సు లేకుండా నడిపితే సీలు వేస్తామని నోటీసొచ్చింది. బట్టీ ఆర్పలేదు. ఆ నోటీసుని గోడకి అంటించి, బ్రెడ్డుకి వచ్చిన ప్రతివాళ్లకీ చదివి వినిపించాను.

అప్పుడు అన్నయ్య ఒక కాగితం తెచ్చాడు. “షాపు ఇద్దరిదీ అని సంతకం ఎట్టు. కేసు తీసేత్తాను, లైసెన్సు నీకే వత్తాది.”

సగం పోతే పోనీ అని ఒక్క క్షణం అనిపించింది, అబద్ధమెందుకు. కానీ ఆ సంతకం పెడితే, నాన్న నాకు తాళంచెవి ఇవ్వలేదని నేనే ఒప్పుకున్నట్టు. కాగితం అన్నయ్య జేబులోనే కుక్కి పంపించాను.

దావా తేలేదాకా లైసెన్సు ఆపొద్దని మా లాయరు పిటిషన్ వేశాడు. విచారణ రోజున అన్నయ్య లాయరు, నాన్న పేరున్న లైసెన్సులన్నీ జడ్జిగారి ముందు పెట్టి, షాపు ఈమె చేతికొస్తే పేరెందుకు మారలేదని అడిగాడు. తీరిక లేక మార్చలేదని చెప్పమని మా లాయరు నాకు ముందే నూరిపోశాడు. జడ్జిగారు నన్నే సూటిగా అడిగేసరికి ఆ ముక్క నోట్లోంచి రాలేదు.

“నాన్న బతికుండగా ఆయన పేరు కొట్టించలేకపోయానండి. తప్పయితే నాదే. బేకరీ మాత్రం నానే నడిపాను. మా అన్నయ్య ఇక్కడే ఉన్నాడు, అడగండి.”

జడ్జిగారు అడిగారు. అన్నయ్య తల దించుకుని, “నడిపిందండి,” అన్నాడు. నాకు ఏడుపొచ్చింది. ఎంత తగువులో ఉన్నా, నాన్న పెంచిన మనిషే.

లైసెన్సు వ్యాపారం నడిపేవాళ్లకని, దాంతో స్థలం మీద హక్కు తేలదని, దావా ఉందన్న ఒక్క కారణంతో నా దరఖాస్తు ఆపకూడదని ఉత్తర్వు వచ్చింది. షాపు ఎవరిదన్న కేసు ఇంకా నడుస్తోంది. నడవనీ. ఎన్ని వాయిదాలకైనా వస్తాను.

ఆ రోజు కోర్టు మెట్ల దగ్గర అన్నయ్య నాకోసం ఆగాడు. “ఇంక మాటాడవేటి నాతోటి?”

“మాటాడతాను. రేపు పొద్దున్న బన్ను తినడానికి రా. సంతకానికైతే రాకు.”